ఆవు కంటే ముందు లోపలికి వెళ్లిందెవరు?

ఈ సాయంత్రం చంపాపేట్‌లో మా చిన్నమ్మ కొత్తింటికి వెళ్లాను. గృహప్రవేశం వీడియో వచ్చింది, చూద్దువు రమ్మంది. నా పిచ్చి కొద్దీ, దానికంటే ముందు టీవీలో ఓ పాత మూగ సినిమా పెట్టాను. ఎక్కడో నడిసముద్రంలోని దీవికి తెల్లదొరలు వెళ్లి తీసుకున్న యాత్రా చిత్రం. ‘ఈ నేల మీద బయటివాళ్ల అడుగు పడటం ఇదే మొదటిసారి’ అని తెర మీద అక్షరాలు వచ్చాయి. కొబ్బరిచెట్ల ఒడ్డుకు పడవ చేరింది. దొర గంభీరంగా దిగాడు.

చిన్నమ్మ పల్లీలు ఒలవడం ఆపింది.

“ఆయన ఇప్పుడే దిగుతున్నడు గదా. మరి గీ ఒడ్డు మీద నిలబడి తీస్తున్నోడు ఎప్పుడొచ్చిండు?”

“ముందే వచ్చుంటడు చిన్నమ్మా. అంతా నాటకం,” అని నవ్వాను. ఆ నవ్వే కొంప ముంచింది.

తర్వాత గృహప్రవేశం వీడియో పెట్టాం. ఆవు గడప దాటి వస్తోంది. వెనకే చిన్నమ్మా చిన్నాయనా కుడికాలు పెడుతున్నారు. అంతా ఇంటి లోపలి నుంచి తీసిందే. చిన్నమ్మ ముఖం మారిపోయింది. వెంటనే వీడియో తీసినతనికి ఫోన్ కలిపింది.

“తమ్మీ, ఆవు కంటె ముందుగాల నువ్వు లోపలికి పోయినవా?”

“అవునక్కా. లేకుంటే వీడియో ఎట్ల వస్తది?”

“ఏ కాలు పెట్టినవ్?”

“కుడికాలే అక్కా!”

తడుముకోకుండా చెప్పాడు. చిన్నమ్మ అనుమానమంతా ఇప్పుడు ఆ తడుముకోకపోవడం మీదే. నిజం చెప్పొద్దూ, నాకూ అంతే.

మీ గృహప్రవేశం వీడియో కూడా ఓసారి తీసి చూడండి. మీ ఇంట్లో మొదటి అడుగు ఎవరిదో, ఏ కాలో, కాస్త కనుక్కుని చెప్పండి.