సరిహద్దు అవతల తుపాకీ, ఇవతల మా అల్లుడి సందేహం

మా అల్లుడు హేమచంద్రకు ఉన్నది ఒకటే జబ్బు. సందేహం.

మా అమ్మాయి చైత్ర డాక్టరు. బ్రిస్బేన్‌లో సగం మంది జ్వరాలు తగ్గిస్తుంది. మొగుడి సందేహాన్ని మాత్రం తగ్గించలేకపోయింది. ఆయన ఎక్కడికి వెళ్ళినా, ఎవరు ఎదురుపడినా, మెడ కాస్త పక్కకు వంచి "ఒక్క చిన్న సందేహమండీ" అని మొదలుపెడతారు. చిన్నది అనడం అబద్ధం. ఒక్కటి అనడం అంతకన్నా పెద్ద అబద్ధం.

తెలివి తక్కువ మనిషా అంటే కాదు. వంతెనలు కట్టే ఇంజనీరు. ఆయన కట్టినవాటి మీద లారీలు పోతున్నాయి, ఇంతవరకు ఒక్కటీ కిందపడలేదు. అలాంటి మనిషి, ఈ దేశంలో ఇరవై ఏళ్ళుగా ఉంటున్న మనిషి, రైలు స్టేషన్లో టోపీ పెట్టుకున్న కుర్రదాన్ని పట్టుకుని, "ఈ టికెట్టు కార్డు ఎక్కేటప్పుడు మిషనుకు తాకిస్తే చాలా, దిగేటప్పుడు కూడా తాకించాలా?" అని అడిగారు. మా వెనక మన దేశం నుంచి కొత్తగా దిగిన దంపతులు కూడా ఉన్నారు. వాళ్ళ ముందు నా పరువు పోయింది.

మేముండే సన్నీబ్యాంకు పేటలో హోటలుకు వెళితే అదే వరస. చుట్టాలను తీసుకుని తినడానికి వెళ్ళాం. తిన్నాం. లేచాం. ఈయన మాత్రం కూర్చునే, "బిల్లు ఇక్కడికే తెస్తారా, మేమే అక్కడికొచ్చి కట్టాలా?" అన్నారు. వడ్డించే చీనా పిల్ల ఆయన్ని చూసిన చూపు నేను ఇప్పటికీ మరిచిపోలేదు. అంతకు వారం ముందే అదే హోటల్లో, అదే బల్ల దగ్గర తిన్నాం మరి!

"ఏం బాబూ, అంత అడక్కపోతే నడవదా?" అన్నాను ఒకసారి.

"అడిగితే పోయేదేముందండీ అత్తయ్యగారూ."

"పరువు."

"అది మళ్ళీ వస్తుంది కదండీ" అన్నారు. రాదు. నాకు తెలుసు. నేను మూడో తరగతితో చదువు ఆపినదాన్ని. అయినా ఈ వయసు వరకు ఎవరినీ నోరు తెరిచి ఇది ఏమిటని అడిగింది లేదు. తెలియకపోతే తెలిసినట్టు నిలబడతాను. మనిషికి ఆ నిలబడటం రావాలి.

ఇక భీమయ్య సంగతి. భీమయ్యది మా బాపట్ల వైపే. భార్య శేషుకుమారి నర్సు. ఆమె ఉద్యోగం మీద ఇద్దరూ ఈ దేశం వచ్చి మా క్వీన్స్‌లాండు రాష్ట్రం సరిహద్దు దగ్గరున్న స్టాన్‌తోర్ప్‌లో స్థిరపడ్డారు. ఆమె ఆసుపత్రికి వెళుతుంది, ఆయన కౌలుకు తీసుకున్న పొలంలో టమాటా, మిరప, గోంగూర పండించి మా సన్నీబ్యాంకు కొట్లకు వేస్తాడు. ఇంగ్లీషులో ఆయనకు వచ్చిన మాటలు రెండు. "యెస్ యెస్" ఒకటి, "నో వర్రీస్" ఒకటి. ఆ రెండింటితోనే ఇన్నేళ్ళు నెట్టుకొచ్చిన ఘనుడు. నిలబడటం వచ్చిన మనిషి. అందుకే నాకు ఆయనంటే గౌరవం.

మొన్న ఎండాకాలం చైత్రా, అల్లుడుగారూ, నేనూ వాళ్ళింటికి వెళ్ళాం. వెళ్ళేసరికి భీమయ్య పొలం గట్టున తల పట్టుకుని ఉన్నాడు. అడవి పందులు పడ్డాయి. టమాటా సాళ్ళు నాగలితో దున్నినట్టున్నాయి. కాయ పండబోతున్న సమయం. ఇంకో వారం అవి ఇలాగే దిగితే ఈ ఏటి పంటా పోతుంది, కౌలూ మీదపడుతుంది.

మర్నాడు శనివారం పొద్దున ఉప్మా తింటూ భీమయ్య తన ఉపాయం చెప్పాడు.

"సరిహద్దు దాటితే టెంటర్‌ఫీల్డులో తుపాకీల కొట్టుంది పిన్నిగారూ. పాత రైఫిలొకటి అమ్మకానికుందంట. పక్క పొలం ఆయన చెప్పాడు. పోయి, పట్టుకొచ్చేసి, రేపట్నుంచి పందుల పని పడతాను. ఇదిగో, లైసెన్సు కూడా ఉంది." జేబులోంచి కార్డు తీసి బల్ల మీద పెట్టాడు. ఆ లైసెన్సు పాఠాలు శేషుకుమారి రోజూ తెలుగులో చదివి వినిపిస్తే బట్టీపట్టి తెచ్చుకున్నాడు. ఆ మాట ఆయన చెప్పడు. మేమూ ఎత్తం.

అల్లుడుగారి మెడ పక్కకు వంగింది.

"ఒక్క చిన్న సందేహం భీమయ్యగారూ. ఇది క్వీన్స్‌లాండు లైసెన్సు కదా. కొట్టేమో పక్క రాష్ట్రం న్యూ సౌత్ వేల్సులో ఉంది."

"అయితే ఏవైందండీ? గుంటూర్లో తీసుకున్న లైసెన్సుతో హైదరాబాదులో బండి తోలట్లా?"

"బండి వేరు, తుపాకీ వేరేమో."

"రెండూ ఇనుమే కదండీ!"

నాకు భీమయ్య మాటే న్యాయంగా కనిపించింది. అల్లుడుగారు ఊరుకోలేదు. "ఇంకో చిన్న సందేహం. శనివారం కొట్టు పన్నెండింటికే మూసేస్తారట. వాళ్ళ పన్నెండా, మన పన్నెండా?"

"పన్నెండులో కూడా రకాలున్నాయా బాబూ?" అన్నాను. బల్ల చుట్టూ అందరూ నవ్వారు. శేషుకుమారి ఒక్కతే నవ్వలేదు. డ్యూటీకి బయలుదేరుతూ, "అన్నయ్యగారూ, మీరు కూడా ఆయన్తో వెళ్ళండి" అంది. తుపాకీ కొట్టుకు ఈయన్నా తోడు పంపేది! ఈ పిల్లకు మతిపోయిందనుకుని, చైత్రను ఇంట్లోనే ఉంచి నేను కూడా కారెక్కాను. ఎవరో ఒకరు పరువు చూసుకోవాలిగా.

పన్నెండులో రకాలున్నాయి. ఎండాకాలం వస్తే న్యూ సౌత్ వేల్సు వాళ్ళు గడియారం గంట ముందుకు తిప్పుకుంటారు. క్వీన్స్‌లాండు వాళ్ళు తిప్పరు. రోడ్డు పక్కన సరిహద్దు బోర్డు దాటగానే మా గంట ఒకటి ఎవరో ఎత్తుకుపోయినట్టు అయింది. అల్లుడుగారు తొందరపెట్టి బయలుదేరదీశారు కాబట్టి సరిపోయింది గానీ, మేం వెళ్ళేసరికి కొట్టు ఆయన 'మూసేశాం' బోర్డు తిప్పుతున్నాడు.

ఆయనకు ఎర్రటి గడ్డం, ఛాతీ దాకా. మాట ఆ గడ్డంలోంచి బయటికి వచ్చేసరికి సగం అరిగిపోతుంది. భీమయ్య తనకు కావలసిన రైఫిలు చూపించాడు, కార్డు చూపించాడు. గడ్డం ఆయన రైఫిలు దించి బల్ల మీద పెట్టి, కార్డు అటూ ఇటూ తిప్పి చూసి, గడగడా ఏదో చెప్పాడు. చాలాసేపు చెప్పాడు.

"యెస్ యెస్" అన్నాడు భీమయ్య.

ఆయన ఇంకా ఏదో చెప్పాడు, వేలు ఆడించి మరీ.

"నో వర్రీస్" అని భీమయ్య రెండు చేతులూ చాచి రైఫిలు అందుకోబోయాడు.

ఎర్రగడ్డం చటుక్కున దాన్ని వెనక్కి లాక్కున్నాడు. ముఖం మారిపోయింది. ఇప్పుడే కదా చెప్పాను, సరేనన్నావు కదా, మళ్ళీ చెయ్యి చాస్తావేం, అసలు నీ ఉద్దేశం ఏమిటి అన్నట్టుంది గొంతు. కార్డు తిరిగిచ్చి తలుపు వైపు చూపించబోయాడు. భీమయ్య పెదవుల మీద నవ్వు అలాగే ఉంది, చెవులు మాత్రం ఎర్రబడ్డాయి. ఆ నవ్వు నేనెరుగుదును. లోపల ఏమీ అర్థం కానప్పుడు మనిషి పట్టుకుని నిలబడే నవ్వు అది.

"ఒక్క చిన్న సందేహమండీ!"

అయిపోయింది, ఉన్న కాస్తా పోయిందనుకున్నాను.

అల్లుడుగారు ముందుకొచ్చి ఇంగ్లీషులో, తప్పంతా తనదేనని, ఈ పెద్దమనిషి తన కోసం వచ్చాడని, తనకు ఒక్క ముక్క అర్థం కాలేదని, తన బుర్ర కొంచెం మందమని, నెమ్మదిగా చెప్పాలని వేడుకున్నారు. అల్లుడుగారు మాట్లాడే ఇంగ్లీషు నాకు కాస్త తెలుస్తుంది. ఆ గొంతులో అంత అమాయకత్వం ఎక్కడిదో! గడ్డం ఆయన కోపం కాస్తా జాలిగా మారింది. కాఫీ కప్పు తెచ్చి ఒకవైపు పెట్టాడు. ఇది క్వీన్స్‌లాండు అన్నాడు. చక్కెర డబ్బా తెచ్చి ఇంకోవైపు పెట్టాడు. ఇది న్యూ సౌత్ వేల్సు. మధ్యలో పెన్సిలు పెట్టాడు. ఇది తుపాకీ.

"ఓహో" అని అల్లుడుగారు పెన్సిలును చూస్తూ, తనలో తాను అనుకుంటున్నట్టు తెలుగులో పైకే అన్నారు. "అంటే మనకు లైసెన్సు ఉన్నా, ఈ తుపాకీ కోసం విడిగా మన క్వీన్స్‌లాండు పోలీసుల దగ్గర పర్మిట్ తెచ్చుకోవాలి. అది వచ్చేదాకా తుపాకీ ఈ చక్కెర డబ్బా దగ్గరే ఉంటుంది."

భీమయ్య చూపు పెన్సిలు మీదికి దిగింది.

"పర్మిట్ వచ్చాక ఈయనే దాన్ని మన వైపు తుపాకీ కొట్టుకు పంపిస్తాడు. మనం అక్కడికి వెళ్ళి, పర్మిట్టూ లైసెన్సూ చూపించి తెచ్చుకోవాలి. చేతికిచ్చేది అక్కడే, ఇక్కడ కాదు." మళ్ళీ ఇంగ్లీషులోకి తిరిగి, "ఒక్క చిన్న సందేహమండీ. ఇవాళే డిక్కీలో పెట్టుకుని పోతే?"

"జైలు, మేట్" అన్నాడు గడ్డం.

ఆ మాటకు ఎవరూ అనువాదం చెయ్యనక్కర్లేకపోయింది. భీమయ్య చేతులు వీపు వెనక్కి పోయాయి. గొంతు సవరించుకుని, "అదేగా హేమచంద్రగారూ!" అన్నాడు. "నాకు ఎప్పుడో అర్థమైపోయింది. మీకు ఇంతసేపు పట్టిందేంటండీ?"

"ఇప్పుడు పట్టిందండీ" అన్నారు అల్లుడుగారు.

ఎర్రగడ్డం అల్లుడుగారి భుజం తట్టాడు, పరీక్ష తప్పిన పిల్లాణ్ణి తట్టినట్టు. నేను గోడకున్న జింక తల వైపు తిరిగి నిలబడ్డాను. ఆ కొట్లో కాస్త మర్యాదగా కనిపించింది అదొక్కటే.

తర్వాత ఎర్రగడ్డం, మీ వైపు ఏ కొట్టుకు పంపమంటారు అని అడిగాడు. భీమయ్య అప్పటికి గోడ మీది తుపాకులు చూడటంలో పడ్డాడు. అల్లుడుగారు పరధ్యానంగా జవాబిచ్చారు. వార్విక్‌లోని ఒక కొట్టు పేరు, ఫోను నంబరు, దాని లైసెన్సు నంబరుతో సహా, కాగితం ముఖం చూడకుండా చెప్పేశారు. మొదటి తుపాకీ కాబట్టి పర్మిట్‌కు నెల పైనే పడుతుందని, శేషుకుమారి ముందే చెబితే నిన్న పోలీసులతో కూడా మాట్లాడానని కలిపారు.

ఎర్రగడ్డం పెన్సిలు ఆగిపోయింది. అల్లుడుగారిని చూశాడు. గోడ దగ్గరున్న భీమయ్యను చూశాడు. మళ్ళీ అల్లుడుగారిని చూశాడు. గడ్డం లోపల నెమ్మదిగా ఒక నవ్వు కదిలింది. నేను చదువుకోలేదు గానీ నాకు కళ్ళున్నాయి.

"ఇంకో చిన్న సందేహమండీ" అన్నారు అల్లుడుగారు. "అప్పటిదాకా పందులు ఆగుతాయా?"

ఎర్రగడ్డం పగలబడి నవ్వాడు. మూసేసే వేళ దాటినా కూర్చుని ఫోను తిప్పాడు. స్టాన్‌తోర్ప్ దగ్గర తన స్నేహితుడున్నాడట, పందులు పట్టే ఇనప బోనులున్నాయట. పొద్దువాలకముందే తెచ్చి భీమయ్య పొలంలో పెడతానన్నాడు ఆ స్నేహితుడు. ఆ సంగతి తెలుగులో చెప్పగానే భీమయ్య, "యెస్ యెస్!" అన్నాడు. ఈసారిది నిజమైన యెస్.

బయటికొచ్చాక పక్కనున్న బేకరీ ముందు ఆగాం. భీమయ్య కారు దగ్గర శేషుకుమారికి ఫోన్లో కప్పూ, చక్కెర డబ్బా, పెన్సిలూ వివరిస్తున్నాడు.

"బాబూ, మీకంతా ముందే తెలుసు కదూ?" అన్నాను.

"ఏదండీ?"

"తెలియనట్టు మాట్లాడకండి. ఆ పెన్సిలు సంగతి."

ఆయన అద్దాల పెట్టె వైపు చూశారు. నేను కూడా అప్పటిదాకా అటే చూస్తున్నాను. బంగారు రంగులో పొంగిన పఫ్‌లు. ఆకలి దంచేస్తోంది. శనివారం నేను మాంసం ముట్టను. వాటిలో ఏముందో పైకి తెలియదు. అందుకని చూస్తూ నిలబడ్డాను, అంతే.

మెడ పక్కకు వంగింది.

"ఒక్క చిన్న సందేహమండీ" అన్నారు బేకరీ అమ్మాయితో. "వీటిలో మాంసం లేనిది ఏది?"

పాలకూర పఫ్ తెచ్చి నా చేతిలో పెట్టారు. తిన్నాను. బాగుంది.

బోనుల్లో పందులు పడ్డాయి, పంట నిలిచింది, పర్మిట్ వచ్చింది, రైఫిలు వార్విక్ కొట్టుకు చేరింది, భీమయ్య దర్జాగా వెళ్ళి తెచ్చుకున్నాడు. ఆ సంతోషంలో మొన్న గోంగూర మూటతో మా ఇంటికి భోజనానికి వచ్చి, ఒక రాష్ట్రంవాడు ఇంకో రాష్ట్రంలో తుపాకీ ఎలా కొనాలో వచ్చిన వాళ్ళందరికీ పాఠం చెప్పాడు. మధ్యమధ్యలో, "హేమచంద్రగారికి చెప్పడానికే కష్టమైంది సుమండీ, పాపం!" అని నవ్వాడు. అల్లుడుగారు అందరికన్నా గట్టిగా నవ్వారు.

ఆ భోజనానికి పక్కింటి జైద్, మన ఆంధ్ర నుంచి కొత్తగా కాపురానికి వచ్చిన ఆయన భార్య రుక్సార్ కూడా వచ్చారు. వంటింట్లో చైత్ర ఆ పిల్లకు చెత్త డబ్బాల సంగతి సగం ఇంగ్లీషులో దడదడా చెప్పేస్తోంది. రెడ్ లిడ్ ఎవ్రీ వీక్, యెల్లో లిడ్ ఆల్టర్నేట్ వీక్, ఇది రీసైక్లింగ్, అది జనరల్ వేస్ట్. "ఓకే అక్కా, ఓకే" అంటోంది రుక్సార్. పెదవుల మీద నవ్వుంది. చెవులు ఎర్రగా ఉన్నాయి.

నా నోరు నా మాట వినలేదు.

"ఒసే చైత్రా, ఆ పసుపు మూత డబ్బాలో ఏం వెయ్యాలో మళ్ళీ చెప్పవే. నెమ్మదిగా చెప్పు. నాకు గుర్తుండి చావదు."

చైత్ర గరిటెతో సహా నా వైపు తిరిగింది. "అమ్మా! ఆ డబ్బాల గురించి వీధిలో అందరికీ క్లాసు పీకేది నువ్వే కదా!"

"మరిచిపోయాను. పెద్దదాన్ని. చెప్తావా, చెప్పవా?"

చైత్ర నెమ్మదిగా, తెలుగులో, మొదటినుంచి చెప్పింది. రుక్సార్ భుజాలు కిందికి దిగాయి. "అంతేనా ఆంటీ!" అంది నాతో, ధైర్యం చెబుతున్నట్టు. "చాలా ఈజీ."

మంచినీళ్ళకు వచ్చిన అల్లుడుగారు గుమ్మంలో ఆగి నన్ను చూస్తున్నారు. నేను మెడ తిప్పుకున్నాను. ఆయన మాత్రం గ్లాసు కింద పెట్టి, గొంతు సవరించుకున్నారు.

"ఒక్క చిన్న సందేహం చైత్రా. మరి ఆకుపచ్చ మూత సంగతి? అత్తయ్యగారికీ నాకూ అదొక్కటి అర్థం కావట్లేదు."