నాకు వచ్చిన పెన్షన్

నేను జహీరాబాద్‌లో సర్కారు బడి పంతుల్ని. మురుగు మోరీ నీళ్ల దగ్గర మొదలైన గొడవలో పక్కింటాయన కిందపడి తల పగిలింది. నేను తోశానా, ఆయనే జారాడా అన్నది కోర్టు ఇంకా తేల్చలేదు. ఆయన చొక్కా గుండీ నా చేతిలో మిగిలింది, నాకు తెలిసింది అంతే. పోలీసులు నన్ను పట్టుకెళ్లారు, బెయిలు ఆలస్యమైంది. రెండు రోజులు దాటి లోపల ఉంటే ఉద్యోగి సస్పెండ్ అయిపోయినట్టేనట. నేను ఇల్లు చేరేలోపే ఆ కాగితం చేరింది.

ఝరాసంగంలో ఉండే అమ్మకు జైలు సంగతి చెప్పొద్దని నేనూ నా భార్యా అనుకున్నాం. బడి రోజున మేమిద్దరం ఊళ్లో కనబడేసరికి అమ్మే అడిగింది. కొంతైనా నిజం చెబుదామని, "సస్పెన్షన్ల ఉన్ననమ్మా" అన్నాను. ఆమెకు కాస్త చెముడు.

"పెన్షనా? గిప్పుడేనా?"

"పెన్షన్ కాదే..."

"పనికి పోవుడు లేదా?"

"లేదు."

"పైసలు ఇస్తున్నరా?"

"సగం ఇస్తరు."

"మరి గదే కద పెన్షనంటే! నాకు ముసలిదాన్నైనంక ఇచ్చిన్రు. నువ్వు సదువుకున్నోనివి, నీకు జల్దీ ఇచ్చిన్రు."

ఆ మొహంలో వెలుగు చూశాక సరిదిద్దడం మానేశాను. నా భార్య కొంగు అడ్డం పెట్టుకుని లోపలికి వెళ్లిపోయింది. నవ్విందో ఏడ్చిందో నేను అడగలేదు.

వారం తిరక్కుండా ఊరంతా పాకింది. షేర్ ఆటోలో అల్లం సంచి ఒళ్లో పెట్టుకున్న పెద్దాయన నన్ను పట్టుకున్నాడు. "సారూ, మా పిలగానికి గూడ గా పెన్షన్ ఎట్ల పెట్టుకోవాలె? జర చెప్పుండ్రి." ఒళ్లు మండిపోయింది. కానీ ఎవరి మీద చూపించను?

ఆఫీసులో అడిగితే కేసు తేలనీ అనేవాళ్లు, వకీలును అడిగితే వాయిదా పడింది అనేవాడు. పొద్దున్నే ఇస్త్రీ చొక్కా వేసుకుని, పోవడానికి బడి లేక, హైవే దాకా నడిచి చెరుకు ట్రాక్టర్లను చూసి వచ్చేవాణ్ణి. అంతకు మించి నా చేతిలో ఏమీ లేదు.

ఏడాది దాటాక ఉత్తర్వు వచ్చింది. కేసు నడుస్తూనే ఉంటుంది, ఉద్యోగం నిలుస్తుందా పోతుందా అన్నది తీర్పు మీద ఉంటుంది, అందాకా కోహీర్ దగ్గరి బడిలో చేరమన్నారు. మిఠాయి డబ్బా కొనుక్కుని అమ్మ దగ్గరికి పరుగెత్తాను.

"అమ్మా, రేపటిసంది మళ్ల బడికి పోత."

ఆమె డబ్బా మూత తీయలేదు. "పెన్షన్ బంద్ జేసిన్రా?"

తలూపాను.

"ఏం తప్పు చేసినవు బిడ్డా?"

ఇదే మాట పోలీసులు అడిగారు, ఆఫీసువాళ్లు అడిగారు. వాళ్లకు జవాబు రాసిచ్చాను.

అమ్మ లేచి వీధి తలుపు దగ్గరికి వేసింది. మిఠాయి డబ్బాను కొంగు కింద దాచుకుని నా పక్కన కూర్చుంది.

"ఊళ్లె ఎవ్వలకు చెప్పకు. ఫికర్ జెయ్యకు బిడ్డా, నా పెన్షన్ ఉన్నది కద."