ఆర్నెల్ల విశ్రాంతి

మా బాబాయిని వీధిలో అందరూ మేకుల మేస్త్రీ అంటారు. సోఫాలు, కుర్చీలు బాగుచేస్తాడు. పని చేసేటప్పుడు గుప్పెడు చిన్న మేకులు నోట్లో పోసుకుని, ఒక్కొక్కటే పెదాల మీదికి తెచ్చి సుత్తితో దిగ్గొడతాడు. అందుకే మాట తక్కువ. "నోరు మూసుకుని సంపాదించే మగాడు ఈయనొక్కడే" అని మా పిన్ని ఎగతాళి చేస్తుంది. సంపాదన సంగతి మాత్రం అంతంతే.

నలభై నాలుగో ఏట సొంత దుకాణం కోసం బ్యాంకులో మూడు లక్షలు అప్పు చేశాడు. వడ్డీ నూటికి నెలకి రూపాయి. నెలకి మూడు వేల ఐదు వందల చొప్పున కడితే అరవయ్యో ఏట తీరుతుంది. ఆ రోజుతో పని మానేస్తానన్నాడు. ఆయనకి ఇంకో కోరిక ఉన్నట్టు నాకు తెలీదు.

ఏడాది తప్పకుండా కట్టాడు. ఆ తర్వాత నడుం పట్టేసింది. మంచం దిగడానికే పిన్నీ నేనూ ఇద్దరం సాయం పట్టాల్సి వచ్చేది. పిన్ని తనే బ్యాంకుకి వెళ్లి మాట్లాడి, వెలిగిపోతున్న మొహంతో తిరిగొచ్చింది.

"ఆర్నెల్లు కట్టక్కర్లేదట. చివర్లో కలుపుతారట. ఇంక మారు మాట్లాడకుండా పడుకోండి."

బాబాయి పడుకున్నాడు. పిన్ని నాలుగిళ్లలో వంట చేసి ఇల్లు గడిపింది. నడుం బాగయింది. మళ్లీ మొదటి కిస్తీ కట్టే రోజున, లెక్క చూడటానికి నన్ను తోడు తీసుకెళ్లాడు.

బాకీ మూడు లక్షల పదకొండు వేలని చెప్పారు.

"నేను తీసుకుందే మూడు లక్షలు కదండీ. ఏడాది కట్టాను కూడానూ" అన్నాడు బాబాయి.

అక్కడి ఉద్యోగి మంచివాడే, ఓపిగ్గా చెప్పాడు. మొదట్లో కిస్తీలో మూడు వేలు వడ్డీకే పోయేవి, అసలుకి చేరేది ఐదు వందలు. కట్టని ఆర్నెల్లూ వడ్డీ ఊరుకోలేదు. ఏ నెల వడ్డీ ఆ నెల అసలు మీదకెక్కి కూర్చుంది, పై నెల దానికీ వడ్డీ పడింది. ఇప్పుడు అదే కిస్తీ కడితే అసలుకి నాలుగు వందలు కూడా చేరవు.

"మరి చివర్లో కలుపుతామన్నది ఆరు కిస్తీలే కదా?" అన్నాడు బాబాయి.

"ఆరు కాదండీ. దాదాపు నలభై అయిదు. పాత గడువుకే తీరాలంటే నెలకి ఇంకో మూడు వందలు వేసి కట్టండి."

నాకు ఒళ్లు మండింది. ఈ ముక్క ఆ రోజు పిన్నికి చెబితే వీళ్ల సొమ్మేం పోయేది? బాబాయి మాత్రం దణ్ణం పెట్టి లేచాడు. గుమ్మం దాటాక నా చెయ్యి పట్టుకుని, "మీ పిన్నితో అనకు" అన్నాడు.

ఇంట్లో పిన్ని ఎదురొచ్చింది. "ఎంత మిగిలిందట?"

"నువ్వు చెప్పినట్టే. ఆరు కిస్తీలు చివర్లో కలిపారు."

"చూశారా! నా మాట వింటే నడుమూ నిలబడింది, అప్పూ పెరగలేదు."

"అవునే, నీ చలవే" అన్నాడు.

ఆరు రోజుల సంపాదన ఇంటికీ కిస్తీకీ సరిపోతుంది. పై మూడు వందలు ఆదివారం లోంచే రావాలి. అందుకని ఆదివారాలు కూడా దుకాణం తెరవడం మొదలుపెట్టాడు. ఈయనకి కాలు నిలవదని, పని పిచ్చి అని పిన్ని పక్కింటావిడతో చెప్పుకుని నవ్వుతుంటే, నాకు ఏడుపొచ్చినంత పనయ్యేది.

ఒక ఆదివారం అన్నం క్యారియరు తీసుకెళ్లాను. పాత సోఫా బోర్లా తిప్పి, చిరిగిన గుడ్డ ఊడదీస్తున్నాడు.

"అయినవాళ్ల దగ్గర దాపరికం ఎందుకు బాబాయ్? చెప్పెయ్యకూడదూ?"

నడుం మీద చెయ్యి వేసుకుని మెల్లగా నిటారుగా లేచాడు.

"నా పెళ్లయ్యాక ఒంటికి సుఖమన్నది తెలిసింది ఆ ఆర్నెల్లేనమ్మా. అది మీ పిన్ని ఇచ్చింది. దానికి ఖరీదు కట్టి ఆవిడ చేతిలో ఎలా పెట్టను?"