ఏలియాగారి రెండు వేళ్లు

మా ఊరు అత్వెల్లిలో ఏలియాగారికి నోరు లేక కాదు, మెచ్చుకోలు మాత్రం వేళ్లతోనే. బొటనవేలూ చూపుడువేలూ సున్నాలా కలిపి, మిగతా మూడూ విప్పి ఊపారంటే "మస్తుంది" అని అర్థం.

టీ బాగుంటే వేళ్లు. సూది పొడిచిన నర్సుకు వేళ్లు. హెల్మెట్ లేదని మేడ్చల్లో ఆపిన కానిస్టేబుల్‌కూ వేళ్లే. "ఏంది పెద్దమనిషీ, చలానా గంత మంచిగున్నదా?" అన్నాడతను. ఆదివారం ప్రసంగం ముగించాక మా పాస్టరుగారు కూడా ముందు ఆ వేళ్లకోసమే చూసేవారు.

మనవరాలు మనీషాకు ఉద్యోగమొచ్చింది. ఆ సంతోషంలో తాతతో దిగిన ఫొటో నెట్‌లో పెట్టింది. అందులోనూ వేళ్లున్నాయి. మర్నాటికి ఎవరో కింద రాశారు: "ఇది తెల్లతోలే గొప్పదనే ద్వేషగాళ్ల గుర్తు. మీ ఆఫీసుకు తెలుసా?" పరదేశాల్లో కొందరు దాన్నలా వాడుకుంటున్నారట.

ఏలియాగారు తన నల్లటి చేతిని అటూ ఇటూ తిప్పి చూసుకున్నారు. "నా తోలు జూసే రాసిండ్రా బిడ్డా?"

"నవ్వులాట గాదు తాతా, నౌకరి పోతది. ఇగ గా వేళ్లు బంద్ జెయ్యి."

చేశారు. చెయ్యి జేబులోకి పోయింది, వీధి బోసిపోయింది. టీకొట్టతను పాలు మార్చాడు. పాస్టరుగారు ప్రసంగం ఇంకో అరగంట పొడిగించారు. ఎదురింట్లో ఉండే నాకైతే పొద్దున్నే గేటు తీయగానే ఆ చెయ్యి కనబడక బెంగ పట్టుకుంది.

అందరికంటే పెద్ద బెంగ ఆయన భార్య ఎలీషమ్మది. పెళ్లయిన కొత్తలోనే జ్వరమొచ్చి ఆమెకు వినికిడి పోయింది. కూర వడ్డించి, గరిటె పట్టుకుని ఆయన చేతివంకే చూసేది. చెయ్యి లేవదు. ఉప్పు చాలలేదేమోనని రోజూ కాస్త పెంచుతూ పోయింది. ఓ ఆదివారం నేనూ పంక్తిలో ఉండగానే గరిటె కింద పెట్టేసింది.

"నా చేతిల రుచి పోయింది. రేపటిసంది మనీషానే వండుతది."

మనీషా కంగారుపడింది. "తాతా, ఇంట్లనన్న అవ్వకు జూపియ్యొచ్చు గద! ఎవరు జూస్తరు?"

"ఆమె ఒక్కదానికే జూపిస్తే చెవుల్లేవని జూపిచ్చినట్టుంటది బిడ్డా," అన్నారాయన మెల్లగా. "గందుకే లోకమందరికీ జూపించిన."

మనీషా ఫోన్ తీసి, అదే ఫొటో మళ్లీ పెట్టి, కింద రాసింది: "మా ఇంట్ల దీనర్థం, అవ్వ వండిన కూర మస్తుందని."

"మరి నౌకరి?"

"అడిగితే నేనే చెప్త. నువ్వు చెయ్యి బయటికి తియ్యి తాతా."

ఒకటి కాదు, రెండు చేతులూ లేచాయి. ఎలీషమ్మ చూపు నావైపు తిరిగింది. కూర ఉప్పుకషాయం. గ్లాసెడు నీళ్లు గటగటా తాగి, నేనూ వేళ్లు కలిపాను.

ఎలీషమ్మ నవ్వి, నాకింకో గరిటె వేసింది.