మబ్బు చాటు కొండ

గడిచిన బుధవారం ఉదయం, సిడ్నీ శివారు టూంగాబీలో మా పక్కింట్లో ఉండే జియాలజీ మాస్టారు ఆసుపత్రిలో పోయారు. ఊపిరితిత్తుల్లో నిమ్ము చేరింది. రెండు రోజుల ముందు తీసుకొచ్చి ఉంటే బతికేవారేమోనని ఆసుపత్రి డాక్టరు అన్నాడు. ఆ రెండు రోజుల సంగతి చెప్పడానికే ఈ నాలుగు ముక్కలూ రాస్తున్నాను.

నాది తొమ్మిదో తరగతి చదువు. పెండిల్ హిల్‌లో ఒక హోటల్లో వంట చేసి రిటైరయ్యాను. ఆపైన అబ్బిన చదువులో సగం ఫెన్సు దగ్గర నిలబడి మాస్టారి నోట విన్నదే. ఆయనకు ప్రపంచంలో ఒకటే దీవి, హర్డ్ దీవి. ఆస్ట్రేలియాదే గాని, ఎక్కడో దక్షిణాన చలి సముద్రంలో ఉంది. ఒంటినిండా మంచు, నెత్తిన నిప్పు, ఎప్పుడు చూసినా మబ్బు. దాని నిప్పుల కొండ ఎప్పుడెప్పుడు రగిలిందో రాసిపెట్టడమే రిటైరయ్యాక ఆయన పని. పాతకాలపు ఓడలవాళ్లు చూసిన పొగ మొదలుకొని ఇవాళ్టి ఉపగ్రహం ఫోటో దాకా, అన్నీ ఒక లావుపాటి నోటుబుక్కులో ఉండేవి.

“నరమానవుడు లేని చోటు. పేలితే ఎవరికి నష్టం మాస్టారూ?” అని ఎకసెక్కమాడేవాణ్ని.

“అందుకేనయ్యా నేను. జనం ఉంటే వాళ్లే అరుస్తారుగా.”

రోజూ కాఫీ తాగుతూ ఆ పూట ఉపగ్రహం ఫోటో చూసేవారు. మబ్బు తప్ప ఏమీ ఉండేది కాదు. “ముసుగు తియ్యలేదు మహాతల్లి” అంటూ తేదీ వేసి ‘కనబడలేదు’ అని రాసేవారు. ఏమీ లేదని రాస్తే సరిపోతుందిగా అన్నానొకసారి. ఆయన కాఫీ గ్లాసు పక్కన పెట్టి మరీ చెప్పారు. వయసులో ఉండగా ఓడలో ఆ దీవికి వెళ్లారట. పది రోజులూ మబ్బే. విసిగిపోయి ‘పేలుడు లేదు’ అని రిపోర్టు పంపేశారు. తిరుగు ప్రయాణంలో ఓడ వెనక మబ్బు ఒక్క నిమిషం విడింది. మంచు మీద పైనుంచి కిందికి నల్లటి లావా చార, ఇంకా ఆవిర్లు కక్కుతూ.

“కనబడలేదని రాస్తే గోడకి చిల్లు అలాగే ఉంటుంది, రేపెవడైనా తొంగి చూస్తాడు. లేదని రాశామా, చిల్లు మీద సున్నం కొట్టేసినట్టే” అన్నారు.

మా వంటవాళ్ల శాస్త్రమూ అదే. మెతుకు పట్టి చూడందే అన్నం దించకూడదు. ఒక పెళ్లిలో మూతైనా తియ్యకుండా ‘అయిపోయింది’ అన్నవాడు పెళ్లివారందరి చేతా బియ్యం నమిలించాడు. వాడి పేరు చెప్పను. ఇప్పటికీ టూంగాబీలోనే ఉన్నాడు.

నాకు జ్వరమొస్తే మాస్టారు మిరియాల చారు కాచి తెచ్చేవారు. అందులో ఉప్పుండేది కాదు. అయినా నేను తాగేదాకా కదిలేవారు కాదు.

ఆయన కూతురు మెల్‌బోర్న్‌లో, ట్రుగనీనాలో ఉంటుంది. ప్రతి ఆదివారం నాకు ఫోను చేసేది. ఆయన పోయే ముందు ఆదివారం కూడా చేసింది.

“అంకుల్, నాన్న ఫైన్ అంటున్నారు, బట్ వాయిస్ డల్‌గా ఉంది. రియల్లీ ఓకేనా? ఫ్లైట్ బుక్ చెయ్యనా?”

“నాన్నకేంటమ్మా, గుండ్రాయిలా ఉన్నారు. నేనున్నానుగా!”

అప్పటికి మూడు రోజులుగా వాన. ఆయన ఫెన్సు దగ్గరికి రాలేదు. ఆ ఉదయం వెళ్లి తలుపు కొడితే, తియ్యకుండానే లోపలి నుంచి “జలుబయ్యా, నీకంటుకుంటుంది, పో” అన్నారు. వచ్చేశాను. మనిషిని చూడలేదు. మంగళవారం ఎంత కొట్టినా పలక్కపోతే అప్పుడు అంబులెన్సు పిలిచాను.

దహనం ముగించుకుని ఇంటికొచ్చాక ఆ అమ్మాయి అడిగింది. “అంకుల్, దట్ సండే మీరు నాన్నని చూశారా?”

ఏదో ఒకటి చెప్పి సున్నం కొట్టడం నాకు చేతకాని పనేం కాదు. నోటిదాకా వచ్చింది కూడా.

“చూడలేదమ్మా.”

ఆమె లోపలికెళ్లి నోటుబుక్కు తెచ్చి నా ముందు తెరిచిపెట్టింది. ఆ ఆదివారం తేదీ ఉంది. జ్వరంతోనే రాశారు. అక్షరాలు వంకర్లు పోయి, గీత దాటి కిందికి జారాయి.

‘మబ్బు. కనబడలేదు.’

దాని కింద కాగితమంతా తెలుపు.