దత్తత వెళ్ళిన కారు

ఇప్పుడు పక్కవాడు దగ్గినా తల తిప్పి చూడం గానీ, ఆ కరోనా రోజుల్లో దగ్గు వినబడితే చాలు, జర్మనీలో మేముండే ఎర్లాంగెన్‌లో బస్టాపు మొత్తం ఖాళీ అయ్యేది. ఎవరి తలుపు వాళ్ళు వేసుకుని, ఎవరి భయం వాళ్ళు వండుకు తిన్న రోజులవి. అలాంటి రోజుల్లో కూడా నాకు బేరం యావ తగ్గలేదంటే తప్పు నాది కాదు, పెంపకానిది. తెనాలిలో మాది స్టీలు సామాన్ల కొట్టు. నాన్న, పెదనాన్న, బాబాయి అందరూ గల్లాపెట్టె వెనకే తల నెరిసినవాళ్ళు. నేను తప్పించుకుని ఇంజనీరునై జర్మనీలో పడ్డా, బేకరీలో రొట్టెని సైతం బిందెని కొట్టి చూసినట్టు వేలితో కొట్టి చూసేవాణ్ణి. (అమ్మే ఆవిడ ఆ రొట్టె తీసి పక్కన పెట్టేసి, "ముట్టుకున్నారు కాబట్టి ఇది మీదే" అనేది. అక్కడితో మన విద్య సమాప్తం.)

బస్సంటే భయం పుట్టాక కారు కొనాలనిపించింది. ఊరి బయట పల్లెలో ఒక ముసలాయన దగ్గర వింత కారు ఉందని తెలిసి వెళ్ళాను. నాకంటే నాలుగైదేళ్ళు చిన్నదేమో. అమెరికా కంపెనీ తయారుచేసిన చిన్న కారు. దాన్ని జపాన్‌లో అమ్మడానికి స్టీరింగు కుడివైపుకి మార్చి, ముక్కు మీద ఒక జపాన్ కంపెనీ బిళ్ళ అతికించారట. అక్కడివాళ్ళు పెద్దగా మోజుపడలేదట. వింత కార్ల పిచ్చి ఉన్న ఈయన దాన్ని ఓడలో తెప్పించుకున్నాడు. ఇప్పుడు మోకాళ్ళు పోయి అమ్మేస్తున్నాడు. కుడివైపు స్టీరింగు చూడగానే నాకు ప్రాణం లేచొచ్చింది. నాన్నగారి సామాన్ల వ్యాను మీద నేర్చుకున్న చెయ్యి కదా! కానీ సంతోషం మొహంలో కనబడకూడదనేది మా ఇంటి మొదటి పాఠం. ముఖం ముడుచుకుని, "స్టీరింగు తప్పు వైపుంది" అన్నాను. "ఉంది" అన్నాడు. "ఒంటి మీద ఒక కంపెనీ, ముక్కు మీద ఇంకో కంపెనీ. రేపు విడిభాగం కావాలంటే ఎవరి కాళ్ళు పట్టుకోవాలి?" "అది నిజంగా కష్టమే" అన్నాడు, నా తరఫు వకీలులా. ఇక మిగిలింది బ్రహ్మాస్త్రం. నిట్టూర్చి, వెనక్కి తిరిగి, గేటు దాకా మెల్లగా నడిచాను. తెనాలిలో అయితే మూడో అడుగుకే "రండి బాబూ, మీ మాటే కానివ్వండి" అని వినబడుతుంది. ఇక్కడ గేటు దాటుతుండగా వినబడింది: "వెళ్తూ గేటు మూసెయ్యండి, కుక్క బయటికి పోతుంది." గేటు లోపలి నుంచే మూసుకుని, తిరిగి వెళ్ళి, ఆయన చెప్పిన ధరకే కొన్నాను.

మా పై వాటాలో ఒక విజయవాడ దంపతులుండేవాళ్ళు. చుట్టరికం లేదు గానీ, వచ్చిన వారానికే ఆవిడ అక్క, ఆయన బావ అయిపోయారు. కారు కథ విని బావ మెట్ల మీదే కూర్చుని నవ్వాడు. "కన్నది అమెరికా, ఇంటిపేరు జపాన్‌ది. ఇది దత్తత వెళ్ళిన కారురా షావుకారూ! మళ్ళీ నువ్వు పెంచుకుంటున్నావు. ఎన్ని గోత్రాలు మారుతుందో పాపం!" ఎంత నవ్వినా, నా పక్కన ఎడమ సీట్లో కూర్చునేది మాత్రం ఆయనే. జర్మనీలో బండ్లు కుడి పక్కన పోతాయి, నేనూ కుడివైపే కూర్చుంటాను. ముందున్న లారీని దాటాలంటే నాకు దాని వెనక తలుపు తప్ప ఏమీ కనబడదు. బావ కిటికీలోంచి మెడ చాచి, "ఖాళీ... ఖాళీ... పో! ఆగాగు, చంపుతావురా!" అని అరిచేవాడు. అలా ఆదివారాలు తిరిగేవాళ్ళం.

ఆ చలికాలం బావకి కరోనా వచ్చింది. ఇక్కడి ఆసుపత్రుల్లో మంచాలు నిండిపోయి, ఆయన్ని మ్యూనిక్ అవతల చిన్న ఊరికి తరలించారు. అక్కకీ వచ్చి తగ్గింది. ఆవిడ ఇంట్లో బందీగా ఉండాల్సిన రోజులు ముగిసిన మర్నాడు, ఆదివారం పొద్దున్న, ఆసుపత్రి నుంచి ఫోను: "పరిస్థితి బాలేదు, ఇవాళే వచ్చి చూడండి." ఆదివారం అద్దెకార్ల ఆఫీసు మూసే ఉంటుంది. కార్లున్న తెలుగువాళ్ళంతా పాజిటివ్ వచ్చి తలుపులేసుకున్నారు. మూడు రైళ్ళు మారి వెళ్తే సాయంత్రమైపోతుంది. టాక్సీకి అక్కే ఫోన్ చేసింది, చేసి తమ ఇంట్లో కరోనా వచ్చిన సంగతంతా పూసగుచ్చినట్టు చెప్పింది. టాక్సీ రాలేదు.

"ఎందుకు చెప్పావక్కా?"

"అబద్ధమాడి ఆయన దగ్గరికి ఎట్టా పోను తమ్ముడూ? నీ బండి తియ్యి."

తీశాను. ఇద్దరికీ మాస్కులు, గాలి ఆడాలని నాలుగు కిటికీలూ దించేసి, వణుక్కుంటూ బయల్దేరాం. అక్క బావ సీట్లో కూర్చుని, చున్నీ తల మీదుగా ముక్కు దాకా లాక్కుని, కళ్ళు మూసుకుని ప్రార్థన మొదలుపెట్టింది. మాకు అది ప్రార్థన. పక్క లైన్లో పోయేవాళ్ళకి? డ్రైవరు ఉండాల్సిన చోట ఒక ఆడమనిషి, చేతులు జోడించి, కళ్ళు మూసుకుని, కారుని దేవుడికి వదిలేసి నూట ఇరవై మీద పోతోంది! ఒక కారులో పిల్లలు అద్దానికి ముక్కులు ఆనించి చూశారు. ఒక పెద్దాయన హారను కొట్టి కొట్టి, చివరికి తనూ దండం పెట్టాడు. ఎవరో ఫోన్ కూడా చేసినట్టున్నారు, పోలీసులు ఆపారు. కుర్ర పోలీసు నేరుగా అక్క కిటికీ దగ్గరికి వచ్చి, "లైసెన్సు" అన్నాడు. అక్క కళ్ళు తెరిచి, "మా ఆయన ఆసుపత్రిలో ఉన్నాడు" అంది తెలుగులో. "నడిపేది నేను సార్" అని ఇవతల నుంచి స్టీరింగు ఊపి చూపించాను. (ఊడదీసి చూపిద్దామన్నంత కంగారు.) ఇటు తిరిగి వచ్చి నా లైసెన్సు చూసి, ఎక్కడికని అడిగి, చెప్పింది విని, "మెల్లగా వెళ్ళండి" అన్నాడు. మెల్లగా వెళ్ళలేదు.

ఊరు దగ్గర పడ్డాక సన్న రోడ్డు, ముందు పాల ట్యాంకరు. నాకేమీ కనబడదు. "అక్కా, అటు చూసి చెప్పాలి" అన్నాను. ఆవిడ కళ్ళు తుడుచుకుని, మెడ బయట పెట్టి, "ఖాళీ తమ్ముడూ... కాదు కాదు, ఎవరో వస్తున్నారు... ఇప్పుడు పో నాన్నా, పో!" అంది. దాటాం.

ఆసుపత్రి తలుపు మీద బోర్డు: ఒక్కరికే ప్రవేశం, అరగంట మాత్రమే. అరగంట! ఇంత దూరం వస్తే అరగంటా? నాలో తెనాలి మేల్కొంది. పది కావాలంటే ముప్ఫై అడగాలనేది మా బాబాయి సూత్రం. నర్సు తలుపు తీయగానే, "మాకు మూడు గంటలు కావాలి" అన్నాను. ఆవిడ అక్క పాస్‌పోర్టు తీసుకుని కంప్యూటర్లో పేరు చూస్తోంది. జవాబు లేదు. జవాబు రాలేదంటే ఎదుటివాడు మెత్తబడుతున్నాడని మా లెక్క. "పోనీ రెండు. చాలా దూరం నుంచి వచ్చాం. ఆవిడకి టెస్టు అయింది. నేను బయటే ఉంటాను, నా అరగంట కూడా ఆవిడకే ఇచ్చెయ్యండి." నర్సు తలెత్తింది. ఇక గంటకి దిగుదామని నోరు తెరిచేలోపు, చాలా నెమ్మదిగా చెప్పింది: "ఆ అరగంట కోలుకుంటున్నవాళ్ళని చూసేవాళ్ళకి. ఈవిడకి ఆ గడువు లేదు. ఎంతసేపు ఉండాలనుకుంటే అంతసేపు ఉండవచ్చు."

అక్కకి ఇంకా అంత జర్మన్ రాదు. "ఏమంది తమ్ముడూ?" అని నా జబ్బ పట్టుకుంది.

"ఎంతసేపైనా ఉండొచ్చంట అక్కా."

మాస్కు పైన ఆవిడ కళ్ళు వెలిగాయి. "చూశావా! నువ్వు అడగబట్టే ఒప్పుకుంది" అంది, చున్నీ సర్దుకుని లోపలికి పరుగులాంటి నడక నడిచింది. నేను కారులో కూర్చున్నాను. మంచు పడటం మొదలైంది. చీకటి పడ్డాక నర్సు వచ్చి పిలిచింది.

అక్క ఇప్పుడు మ్యూనిక్‌లో ఉద్యోగం చేస్తోంది. నాకన్నా మంచి జర్మన్ మాట్లాడుతుంది. నర్సు అన్న మాటకి అర్థం ఈపాటికి తెలిసే ఉంటుంది. అయినా ఇంటికి ఎవరొచ్చినా, "మా తమ్ముడు బేరమాడి ఆసుపత్రి వాళ్ళనే ఒప్పించాడు. ఆ సాయంత్రం దాకా ఆయన చెయ్యి నా చేతిలోనే ఉంది" అని చెబుతుంది. నేను తల దించుకుని టీ తాగుతాను. మాస్కు వేసుకుని, మూడు గంటల నుంచి రెండుకి దిగి, గంటకి సిద్ధపడుతున్న అప్పటి నన్ను, ఆ కుర్రాణ్ణి తలుచుకుంటే నాకు నవ్వే వస్తుంది. ఆ పూట మాత్రం ఆ నర్సు, "కుదరదు, అరగంటే" అని గద్దిస్తే ఎంత బాగుండునని అనుకుంటూ, ఆ కుర్రాడు అడిగినదానికన్నా ఎక్కువ చేతిలో పెట్టుకుని నిలబడ్డాడు పాపం.