వాన తడపని మగ్గం

మా ఆడపడుచు కథలు రాయడం మానేసి మూడేళ్ళయింది. మాన్పించింది నేనే. తిట్టి కాదు, పొగిడి.

ఈ రెండు వాక్యాలు రాయడానికి నాకిన్నాళ్ళు పట్టింది. రాస్తే మనసు తేలికపడుతుందన్న ఆశ కూడా లేదు.

నేను బడికి వెళ్ళలేదు. చిన్నప్పుడు వచ్చిన జ్వరం ఒక కాలు లాగేసింది. బడేమో కాలవ అవతల. అందుకని అమ్మమ్మే ఇంట్లో కూర్చోబెట్టి అక్షరాలు దిద్దించింది. ఆ జ్వరమే రాకపోతే అమ్మమ్మ దగ్గర అన్ని మధ్యాహ్నాలు దొరికేవి కావు కదా అని, దానికి కూడా దణ్ణం పెట్టుకునేదాన్ని. అమ్మమ్మది ఒకటే నియమం. పుస్తకం తెరిచేముందు కళ్ళకద్దుకోవాలి, మూసేటప్పుడు మళ్ళీ అద్దుకోవాలి. ఒకసారి ఏదో కథ చదివి, "ఈ పిల్ల ఊరికే ఏడుస్తుందేంటి అమ్మమ్మా, రాసినాయన ఎందుకో చెప్పడే?" అన్నాను.

"తప్పే! సరస్వతికి వంకలు పెడతావా? లెంపలేసుకో" అంది.

వేసుకున్నాను. ఆ తరవాత నలభై ఏళ్ళపాటు ఏ పుస్తకానికీ వంక పెట్టలేదు. పెట్టాలని కూడా అనిపించలేదు. గడప దాటలేని దాన్ని ఎంతమంది ఇళ్ళలోకి తీసుకెళ్ళి కూర్చోబెట్టాయి అవి! చదువుకోకపోతే నా కాలు గురించి తప్ప ఇంక దేని గురించీ ఏడవడం తెలిసేది కాదేమో. అంత ఇచ్చినవాటిలో తప్పులు వెతకడమేమిటి అనుకునేదాన్ని.

పెళ్ళయి మంగళగిరి వచ్చాను. అత్తవారిది నేత కుటుంబం. మా ఆయన అక్క, అంటే నా వదిన, పక్క వాటాలోనే ఉంటుంది. ఆవిడది గుంట మగ్గం. నేలలో గొయ్యి తీసి, అందులో కాళ్ళు దించి, అంచు మీద కూర్చుని నేస్తారు. మధ్యాహ్నాలు ఆవిడ నేస్తుంటే నేను పక్కన చాప వేసుకుని కథలు చదివి వినిపించేదాన్ని. వినీ వినీ ఆవిడే రాయడం మొదలుపెట్టింది. చదివింది ఐదో తరగతి. పిల్లలు వాడి వదిలేసిన నోటుపుస్తకాల్లో మిగిలిన కాగితాల మీద రాసేది.

ఆ ఏడు వానలు విపరీతం. వారం రోజులుగా గుంటలోకి నీరు ఊరుతోంది. మగ్గం మీద సాగదీసి కట్టిన పడుగు చెమ్మెక్కి పోగులు ఒకదానికొకటి అతుక్కుపోయాయి. చీర సంగతేమిటని నూలిచ్చి నేయించుకునే షావుకారు ఫోన్ చేస్తే, "ఈదుకుంటూ వచ్చి పట్టుకెళ్ళమను" అని నాతో చెప్పించింది వదిన. గుంటలోకి దిగి చెంబుతో నీళ్ళు తోడి బకెట్లో పోస్తోంది. మధ్యలో నడుం పట్టుకుని, గూట్లో ఉన్న నోటుపుస్తకం చూపించింది.

"అది తీసి చదువు పిల్లా. ఎలా ఉందో చెప్పు. మొహమాటాలేం వద్దు."

తీసి చదివాను. ఒక నేతగత్తె కథ. బయట వాన పడుతోంది. ఆమె పాడుకుంటూ నేస్తోంది. చినుకుల చప్పుడుకి మగ్గం తాళం వేస్తోంది. కథలోని ఆ గుంటలో చుక్క నీరు లేదు.

నాకు తెలిసింది. చదువుతుండగానే తెలిసింది. గుంట అడుగున చెంబు గీరుకుంటున్న చప్పుడు వింటూనే ఆ వాక్యాలు చదివాను. చదివి, "ఎంత బాగుందో వదినా!" అని నోటుపుస్తకం కళ్ళకద్దుకున్నాను.

"నిజంగానా?"

"నిజంగా."

ఆవిడ ముఖం విప్పారింది. "ముందు ఈ నీళ్ళ గురించే రాశానే. కోపంకోపంగా వచ్చింది. ఈ గుంటలో దిగితే నన్ను నేనే పూడ్చుకుంటున్నట్టుంటుందని రాశా. ఛీ, ఇలాంటివెవరు చదువుతారులే అని చించేశా."

"మంచిపని చేశారు" అన్నాను.

ఆ మాట అన్నది నేనే. మరెవరి మీదకీ తోసేయడానికి వీల్లేదు.

తరవాత ఆవిడ రాసిన ప్రతి కథా నా దగ్గరికే వచ్చింది. ప్రతిదాన్నీ కళ్ళకద్దుకున్నాను. పన్నెండు కథలయ్యాక పుస్తకం వేయించింది. విజయవాడలో ఒక చిన్న హాల్లో సభ పెట్టారు. పాతికమందిమి ఉంటాం. మొదట నేనే మాట్లాడి అందరికీ కృతజ్ఞతలు చెప్పాను. తరవాత లేచింది ఆటోనగర్‌లో స్పేర్ పార్ట్స్ కొట్టు నడిపే ఒక సాయిబుగారు. కొట్లో బేరం లేనప్పుడల్లా చదువుతారట. ఆయన చేతిలో వదిన పుస్తకం, దాన్నిండా కాగితం చీటీలు.

"అమ్మా, తెలియక అడుగుతున్నాను, ఏమీ అనుకోకండి. వానపడితే మగ్గం గుంటలోకి నీళ్ళు రావాండీ?"

"వస్తాయండి" అంది వదిన.

"మరి మీ కథల్లో ఎక్కడా రాలేదేమండీ? ఎనిమిది కథల్లో వాన పడింది. మా ఆటోనగర్‌లో నాలుగు చినుకులు పడితే బండి కింద మెకానిక్ పడుకోలేడు, అంతా బురద. మీ మగ్గం మాత్రం తడవదు!"

ఎవరో నవ్వారు. వదిన నవ్వలేదు. ఆయన వంక చూడలేదు. నా వంక చూసింది.

విమర్శంటే వంకలు పెట్టడమనుకున్నాను ఇన్నేళ్ళూ. చీటీలు పెట్టుకుని, మగ్గం గుంటలో దిగినట్టే ఆ కథల్లోకి దిగి ఆలోచించిన ఆ పెద్దమనిషి ఆ పుస్తకాన్ని నాకన్నా ఎక్కువ గౌరవించారు. నేను అట్ట మీదే ఆగిపోయాను.

తిరిగి వచ్చేటప్పుడు బస్సులో వదిన అడిగింది. "నీకు తెలుసా?"

"తెలుసు వదినా."

"చదివినప్పుడే?"

"చదివినప్పుడే."

బస్సు కృష్ణ మీది వారధి దాటింది. తరవాత కిటికీలోంచి చూస్తూ, "ఆయన నన్నో మనిషి అనుకుని అడిగారు. నువ్వు పటానికి దణ్ణం పెట్టినట్టు పెట్టావు" అంది.

ఆ తరవాత నెలరోజులు కూర్చుని పన్నెండు కథలూ పెన్సిల్ పట్టుకుని చదివాను. ఎక్కడ అబద్ధం అనిపించిందో, ఎక్కడ ఆవిడ గొంతు వినిపించిందో పక్కన రాశాను. తీసుకెళ్ళి ఇచ్చాను. ఆవిడ మగ్గం ఆపి, కళ్ళద్దాలు తుడుచుకుని, ఒక్కో పేజీ తిప్పింది.

"సరిగ్గానే పట్టావు" అంది.

"మళ్ళీ రాయండి వదినా. ఆ చించేసిన కథ రాయండి."

"దాని మాటలు పోయాయే. కోపం ఉండేదని గుర్తుంది. కోపం రావట్లేదు." పుస్తకం నా ఒళ్ళో పెట్టి మళ్ళీ నేతలో పడింది. ఆ గూట్లో నోటుపుస్తకాలు ఆ తరవాత నేను చూడలేదు. ఏం చేసిందని అడిగే ధైర్యం చాలలేదు.

కొండమీది స్వామికి రోజూ పొద్దున్నే ఒక్కొక్కటీ తలుచుకుని కృతజ్ఞతలు చెప్పుకోవడం నా అలవాటు. పుట్టింటికీ, అత్తింటికీ, తినే మెతుక్కీ. వదిన కథల సంగతి దగ్గరికి వచ్చేసరికి నోరు పెగలదు. ఏమని చెప్పను?

వదిన నాతో మాట్లాడుతుంది. కోపం లేదు, ఎడమొహం లేదు. అదే భరించలేను. మొన్న గోంగూరపప్పు గిన్నెతో తెచ్చి, నేను ముద్ద నోట్లో పెట్టుకునేదాకా నిలబడింది.

"ఎలా ఉంది?"

"చాలా బాగుంది వదినా."

నిజంగానే బాగుంది. ఉప్పూ పులుపూ సరిగ్గా కుదిరాయి.

"ఊఁ" అంది, చుట్టపుచూపుగా వచ్చినవాళ్ళు ఏదో అంటే అన్నట్టు. మిగిలిన పప్పు నా గిన్నెలోకి వంచి, తన గిన్నె అందుకుని తన వాటాలోకి వెళ్ళిపోయింది.